చూడాల్సినవాటి చిట్టా

గుజరాత్‌లోని వెరావల్ రేవు నుంచి చేపల వేటకు వెళ్లిన మన ఉత్తరాంధ్ర మత్స్యకారులు 2018 నవంబరులో పాకిస్తాన్ జలాల్లోకి వెళ్లిపోయి అక్కడి వాళ్లకు చిక్కారు. ఏడాదికి పైగా కరాచీ జైల్లో మగ్గి, 2020 జనవరిలో వాఘా సరిహద్దు దాటి మన నేల మీద అడుగుపెట్టారు. శ్రీకాకుళం తీరంలో వాళ్ల ఇళ్లలో ఆ రోజు ఎట్లా గడిచిందో పేపర్లలో చదివే ఉంటారు.

ఆ ఉదంతం ఆధారంగా తీసిన ‘తండేల్’ సినిమా 2025 ఫిబ్రవరి 7న థియేటర్లకు వచ్చింది. సరిగ్గా నాలుగు వారాలకు, మార్చి 7న, నెట్‌ఫ్లిక్స్‌లో పెట్టారు. అదే ఏడాది ఆగస్టు 8న అమెజాన్ ప్రైమ్ వీడియోలో ‘అరేబియా కడలి’ అనే 8 భాగాల సిరీస్ వచ్చింది. సత్యదేవ్, ఆనంది ముఖ్య పాత్రలు. వేటకు పోయి పరాయి దేశం నీళ్లలో పట్టుబడి జైలుపాలైన మన జాలర్ల కథే ఇదీనూ. దర్శకుడు క్రిష్‌తో కలిసి దీన్ని రాసింది మన విశాఖ రచయిత, ‘దాలప్ప తీర్థం’ కథల చింతకింది శ్రీనివాసరావు గారు.

మా ఊరు దేవరాపల్లిలో నేను పలకరించినవాళ్లలో ‘తండేల్’ పేరు తెలియనివాళ్లు లేరు. ‘అరేబియా కడలి’ అనేసరికి మాత్రం చాలామంది “అదెప్పుడొచ్చింది?” అన్నారు. వాళ్లలో ప్రైమ్ ఉన్నవాళ్లు కూడా ఉన్నారు. డబ్బు కట్టారు, ఫోన్ చేతిలో ఉంది, నెట్ ఉంది, మన తీరం కథ ఆ ఫోన్లోనే ఉంది. అది ఉన్నట్టు మాత్రం వాళ్లకు తెలియదు. సిరీస్ చూసి నచ్చలేదంటే అది వాళ్ల ఇష్టం. వచ్చినట్టే తెలియకపోతే ఇష్టాయిష్టాల మాటే లేదు. ఈ విషయం నన్ను బాధ పెడుతుంది. ఓటీటీల్లో వచ్చే కొత్తవాటి ఆచూకీ ఎట్లా తెలుసుకోవాలి, తెలుసుకున్నవి మరిచిపోకుండా ఎట్లా గుర్తుపెట్టుకోవాలి అన్నదాని మీద నాలుగు మాటలు చెప్పాలనుకున్నది అందుకే.

ఒకప్పుడు ఈ వెతుకులాట లేదు. ఆకాశవాణి కార్యక్రమాల వివరాలతో తెలుగులో ‘వాణి’ అని ఒక పత్రికే వచ్చేది. ఏ రోజు ఏ నాటకం, ఎవరి కచేరీ, ఎన్ని గంటలకు అన్నీ అందులో ఉండేవి. దినపత్రికల్లో రేడియో కార్యక్రమాలకు ఒక మూల చోటు ఉండేది. 1977లో హైదరాబాదు దూరదర్శన్ మొదలయ్యాక ఆ పక్కనే టీవీ కార్యక్రమాలు చేరాయి. తర్వాత ప్రైవేటు చానళ్లు వచ్చినా పద్ధతి మారలేదు. గుణ్ణం గంగరాజు గారి ‘అమృతం’ 2001 నుంచి 2007 దాకా జెమినీ టీవీలో వచ్చింది. ఆదివారం రాత్రి ఎనిమిదిన్నర అయ్యేసరికి వీధిలో ఏ ఇంటి ముందు నుంచి నడిచినా ఆ సీరియల్ పాటే వినబడేది. ఏం చూడాలో ఎవరూ ఎవరినీ అడగనక్కర్లేదు. వేళ తెలిస్తే చాలు. వేళ దాటిపోతే పోయినట్టే. అది ఆ రోజుల్లో ఉన్న కష్టం.

ఇప్పుడు వేళ బాధ లేదు, చోటు బాధ వచ్చింది. అదే ‘అమృతం’కు కొనసాగింపుగా ‘అమృతం ద్వితీయం’ 2020 ఉగాదికి వచ్చింది. అది జీ5లో. అదే ఉగాదికి పూర్తిగా తెలుగు కోసమని ‘ఆహా’ మొదలైంది. అప్పటికే నెట్‌ఫ్లిక్స్ మన దేశానికి వచ్చి నాలుగేళ్లయింది, ప్రైమ్ వీడియో వచ్చి మూడేళ్లు దాటింది. హాట్‌స్టార్ 2015 నుంచే ఉంది. సన్ నెక్స్ట్, సోనీ లివ్ ఉన్నాయి. ఈనాడు వాళ్ల ఈటీవీ విన్ వచ్చింది. ఇవి చాలవన్నట్టు ఉన్నవాటికి పేర్లు మారుతుంటాయి. 2025 ఫిబ్రవరి 14న జియో సినిమా, డిస్నీ ప్లస్ హాట్‌స్టార్ రెండూ కలిసి జియో హాట్‌స్టార్ అయ్యాయి. ‘సేవ్ ద టైగర్స్ సిరీస్ హాట్‌స్టార్‌లో ఉంది’ అని ఎప్పుడో రాసిపెట్టుకున్న మనిషి ఇప్పుడు ఫోన్లో ఆ పాత గుర్తు కోసం వెతికితే దొరకదు. ఇన్ని చోట్ల ఏముందో గుర్తుపెట్టుకోవడం ఎవరికీ సాధ్యం కాదు. గుర్తుండటం లేదని ఎవరూ చిన్నబుచ్చుకోవాల్సిన పని లేదు.

యాప్ తెరవగానే కనబడే మొదటి తెర గురించి కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే అసలు కిటుకంతా అక్కడే ఉంది. సంతలో ముందు వరసలో పేర్చిన సరుకు లాంటిది అది. కొట్లో ఉన్నదంతా అక్కడ ఉండదు, అమ్మదలచినది ఉంటుంది. మనం ఇదివరకు ఏం చూశాం, ఎంతసేపు చూశాం, ఎక్కడ ఆపేశాం అన్న లెక్కలు కట్టి, మనలాంటి చూపరులు ఇంకేం చూశారో దానికి కలిపి ఆ వరసలు తయారవుతాయి. నెట్‌ఫ్లిక్స్ తమ చూపరులు ఏం ఇష్టపడతారో ఇంకా బాగా అంచనా కట్టగలిగినవాళ్లకు పది లక్షల డాలర్ల బహుమతి ప్రకటించి, 2006 నుంచి 2009 దాకా ప్రపంచమంతటా పోటీ నడిపింది. ఆ సంస్థ అధికారులే 2015లో రాసిన ఒక వ్యాసంలో, జనం చూసే గంటల్లో దాదాపు 80 శాతం ఇలా సిఫారసు చేసిన వరసల నుంచే వస్తున్నదని, వెతుక్కుని చూసేది 20 శాతమేనని చెప్పారు. అంటే అయిదు గంటలు చూస్తే నాలుగు గంటలు వాళ్లు ముందు పెట్టినవే. ఒకే సినిమాకు మీ ఇంట్లో ఒక బొమ్మ, ఎదురింట్లో ఇంకో బొమ్మ కనబడేలా కూడా చేస్తారు. హాస్యం ఎక్కువ చూసే ఇంటికి నవ్వే ముఖం, ప్రేమకథలు చూసే ఇంటికి జంట బొమ్మ.

ఇందులో మోసం ఉందని నేను అనను. లెక్క బాగా కుదిరిన రోజు మంచివి కూడా కంటబడతాయి. కాకపోతే ఆ లెక్కకు మనం ఇప్పటిదాకా చూసినదే తెలుసు, చూడాలనుకుంటున్నది తెలియదు. పోలీసు కథలు వరసగా నాలుగు చూసిన ఇంటికి అయిదోది చూపిస్తుంది. ఆ ఇంటి మనిషికి సముద్రం మీద వేటకు పోయేవాళ్ల బతుకు ఎట్లా ఉంటుందో చూడాలని ఉందని దానికి ఎట్లా తెలుస్తుంది? పైగా మా ఊళ్లో చాలా ఇళ్లలో ఇంటిల్లిపాదికీ ఒకటే ప్రొఫైల్. పిల్లలు బొమ్మల సినిమాలు చూస్తారు, అబ్బాయి కొరియా సిరీస్‌లు చూస్తాడు, ఇల్లాలు మలయాళం డబ్బింగులు చూస్తుంది. అన్నీ కలిసి ఎవరికీ పనికిరాని వరస ఒకటి తయారవుతుంది. ఎవరి ప్రొఫైల్ వాళ్లకు పెట్టుకోవడానికి అదనంగా పైసా అక్కర్లేదు. పెద్దవాళ్లకొకటి, పిల్లలకొకటి వేరుచేసినా సగం గందరగోళం తీరుతుంది.

వెతకడం గురించి ఒక ముచ్చట చెబుతాను. మా మేనత్తకు డెబ్భై దాటాయి. చదువు అంతంతమాత్రం, చూపు బాగానే ఉంది, కథ అంటే ప్రాణం. ఒక సాయంత్రం ఆవిడ నా దగ్గరకొచ్చి “ఒరే నాయనా, జైల్లో పడిపోనారు సూడు, ఆ జాలరోళ్ల కథ టీవీలో వచ్చిందంట గదా, పెట్టు ఓపాలి” అంది. రిమోట్ మీది మైకు బొత్తం నొక్కి ఆవిడ చేతే అడిగించాను. “జాలరోళ్ల కథ” అంది ఆవిడ స్పష్టంగా. తెర మీద ఏవేవో పాటలు, ఎవరిదో చేపల పులుసు వంట వీడియో వచ్చాయి. మళ్లీ అడిగితే మళ్లీ అవే. ఇక తెర మీది ఇంగ్లీషు అక్షరాల పలకలో బాణం గుర్తును ఒక్కో అక్షరం మీదికి జరుపుకుంటూ ‘అరేబియా కడలి’ పేరు రాయడం మొదలుపెట్టాను. అయిదారు అక్షరాలు పడేసరికి బొమ్మ కనిపించింది. అత్త ముందుకు వంగి “ఇదే, ఇదే, ఇంతసేపూ ఎక్కడ దాక్కుందిరా ఇది?” అంది.

ఆవిడ అడిగింది న్యాయమైన ప్రశ్న. తెలుగు సిరీస్, తెలుగు నటులు, తెలుగు మాటలు. దాని దగ్గరకు పోయే దారి మాత్రం ఇంగ్లీషు స్పెల్లింగు. ఆ స్పెల్లింగు కూడా ఎవరి ఇష్టం వాళ్లది. నాగచైతన్య చేసిన ‘దూత’ సిరీస్ 2023 చివర్లో ప్రైమ్‌లో వచ్చింది. దాన్ని డి, హెచ్, ఓ, ఓ, టి, హెచ్, ఎ అని రాశారు. డి తర్వాత హెచ్ ఉంటుందని మామూలు మనిషికి తట్టదు. హిందీ ‘పంచాయత్’ను తెలుగులో తిరిగి తీసిన ‘సివరపల్లి’ 2025 జనవరిలో వచ్చింది. పేరు చివర పల్లి ఉన్న ఊరివాళ్లం కాబట్టి మాకు దాని మీద మమకారం ఎక్కువ. మొదటి అక్షరం దగ్గర ఎస్ పక్కన హెచ్ పెట్టి వెతికేవాళ్లు మా వాళ్లలోనే ఉన్నారు. అందుకని పేరు దొరకనప్పుడు నటుడి పేరుతో వెతకండి. సత్యదేవ్ అని కొడితే ఆయన చేసినవన్నీ వస్తాయి, అందులోంచి పట్టుకోవచ్చు. ఫోన్లో గూగుల్‌ను తెలుగులోనే “అరేబియా కడలి ఎక్కడ చూడాలి” అని అడిగితే ఏ యాప్‌లో ఉందో చెబుతుంది. టీవీ రిమోట్‌తో కుస్తీ పట్టేముందు ఈ పని చేసుకోవడం నయం.

చోటు తెలిసినంత మాత్రాన సరిపోదు, భాష కూడా చూసుకోవాలి. ‘ఆర్ఆర్ఆర్’ 2022 మే 20న ఓటీటీలోకి వచ్చినప్పుడు తెలుగు జీ5లో, హిందీ నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చాయి. అమెరికాలో, ఐరోపాలో లక్షలమంది ఆ సినిమాను నెట్‌ఫ్లిక్స్‌లో హిందీ మాటలతో చూసి మురిసిపోయారు. రామరాజూ భీమూ మాట్లాడుకున్నది తెలుగులో అని వాళ్లలో ఎంతమందికి తెలుసో! 2024 మార్చిలో ‘హనుమాన్’ తెలుగు జీ5లో, హిందీ జియో సినిమాలో వచ్చాయి. తమిళ, మలయాళ, కన్నడ భాషల్లో ఆ తర్వాత హాట్‌స్టార్‌లో పెట్టారు. ‘కల్కి’ 2024 ఆగస్టు 22న వచ్చింది. తెలుగు ప్రైమ్‌లో, హిందీ నెట్‌ఫ్లిక్స్‌లో. పేరు చూసి చందా కట్టేసి, తీరా తెరిస్తే మన భాష లేదని తెలిసిందనుకోండి, ఆ డబ్బు వెనక్కి రాదు. హక్కులు భాషలవారీగా అమ్ముకోవడం నిర్మాతల వ్యాపారం, దాన్ని మనం మార్చలేం. కట్టేముందు తెలుగు ఉందో లేదో అడిగి తెలుసుకోగలం.

ఇందులోనే మనకు కలిసొచ్చే సంగతి కూడా ఒకటి ఉంది. వేరే భాషల సిరీస్‌లు ఎన్నింటికో తెలుగు మాటలు ఉంటాయి, మనం గమనించం. 2022లో ప్రైమ్‌లో వచ్చిన తమిళ సిరీస్ ‘సుళల్’ను తెలుగుతో సహా ముప్ఫైకి పైగా భాషల్లో విడుదల చేశారు. బొమ్మ ఆడుతున్నప్పుడు మూలన చిన్న గుర్తు ఉంటుంది, సంభాషణల భాష మార్చుకోవడానికి. అది నొక్కితే తెలుగు ఉందో లేదో తెలుస్తుంది. మా మేనత్త ఇప్పుడు తమిళం, మలయాళం కథలు తెలుగులో వింటూ చూస్తోంది. ఆవిడ దృష్టిలో అవన్నీ మన కథలే. మన ఊళ్లకు, కేరళ ఊళ్లకు అంత తేడా ఏముంది అంటుంది.

ఇక కొత్తవి వచ్చిన కబురు ఎట్లా తెలుస్తుంది? సులువైనది పేపరు. వారానికోసారి సినిమా పేజీలో ఈ వారం థియేటర్లలో ఇవి, ఓటీటీలో ఇవి అని తేదీలతో, యాప్ పేర్లతో వేస్తున్నారు. అది ఒక్కటి శ్రద్ధగా చదివితే చాలావరకు తెలిసిపోతుంది. ఫోన్ అలవాటున్నవాళ్లకు జస్ట్‌వాచ్ అని ఒకటి ఉంది, బెర్లిన్‌లో పుట్టిన సంస్థది. అందులో దేశం ఇండియా అని పెట్టుకుని, మన దగ్గర ఉన్న యాప్‌ల మీద మాత్రం గుర్తు పెట్టుకుంటే, ఆ యాప్‌లలో కొత్తగా చేరినవి తేదీల ప్రకారం కనిపిస్తాయి. సినిమా పేరు కొడితే ఏ యాప్‌లో ఉంది, చందాలో వస్తుందా, అద్దె కట్టాలా అన్నది చెబుతుంది. చూడాలనుకున్నవి అందులోనే దాచుకోవచ్చు. నాకు దీనిలో నచ్చినది ఏమిటంటే ఏ ఒక్క యాప్ సరుకునూ ముందుకు తొయ్యకుండా అన్నింటినీ పక్కపక్కన చూపించడం. నెట్‌ఫ్లిక్స్ మట్టుకు 2021 నవంబరు నుంచి ప్రతి మంగళవారం ఏ దేశంలో ఏవి ఎక్కువగా చూశారో మొదటి పది పేర్లు అందరికీ కనబడేలా పెడుతోంది. అది జనం ఏం చూస్తున్నారో చెబుతుంది. బాగున్నవి ఏవో చెప్పదు. రాబోయే సిరీస్ పక్కన ‘గుర్తు చేయి’ అని గంట బొమ్మ ఉంటే నొక్కి వదిలేయండి, వచ్చిన రోజు ఫోన్ మోగుతుంది. అన్ని యాప్‌ల నోటిఫికేషన్లూ తెరిచి పెట్టుకుంటే మాత్రం ఆ మోతలో కావాల్సింది వినబడదు.

వీటన్నింటికన్నా నేను ఎక్కువగా నమ్మేది ఇంకొకటి. తారల పేర్ల వెంట కాకుండా రాసినవాళ్ల పేర్ల వెంట, తీసినవాళ్ల పేర్ల వెంట వెళ్లండి. 2024 జనవరిలో ఈటీవీ విన్‌లో ‘నైంటీస్’ సిరీస్ వచ్చింది. ప్రభుత్వ బడి లెక్కల మాస్టారి ఇల్లు, ముగ్గురు పిల్లలు, ఇంటి పొదుపు, మార్కుల భయం. శివాజీ, వాసుకి ఆ తల్లిదండ్రులు. దాన్ని రాసి తీసింది ఆదిత్య హాసన్. ఆ పేరు రాసి పెట్టుకున్నవాళ్లు 2025 సెప్టెంబరులో ఆయన నిర్మాతగా ‘లిటిల్ హార్ట్స్’ వస్తోందని తెలియగానే ఎదురుచూశారు. అందులో హీరో మౌళి ‘నైంటీస్’ ఇంట్లో పెద్దకొడుకే. ఆ సినిమా కూడా ఆ తర్వాత ఈటీవీ విన్‌కే వచ్చింది. ఒక మంచి పని నచ్చితే చివర పడే పేర్లు ఒక్క నిమిషం ఆగి చదవండి. యాప్ మాత్రం ఆగనివ్వదు, అయిదారు క్షణాల్లో తర్వాతి భాగంలోకి లాక్కెళ్లిపోతుంది. సెట్టింగుల్లో ఆ ఆటోప్లే ఆపుకోవచ్చు. నన్నడిగితే మొదట చేయాల్సిన పని అదే. పేర్లు చదవడానికి తీరిక దొరుకుతుంది, రాత్రి పదింటికి పడుకోవాల్సినవాళ్లు పదింటికే పడుకుంటారు.

తెలుసుకున్నదాన్ని నిలుపుకోవడం ఇంకో పని. మా వీధిలో ఇంటర్ చదివే అమ్మాయి ఒకతె నోటుపుస్తకం పెట్టుకుంది. పాత లెక్కల పుస్తకంలో మిగిలిన కాగితాలు కుట్టుకుంది. పేజీని స్కేలుతో నిలువుగా గడులు కట్టింది. మొదటి గడిలో పేరు తెలుగులో, దాని కిందనే ఎర్ర పెన్నుతో యాప్‌లో ఉన్న స్పెల్లింగు. తర్వాత యాప్ పేరు. తర్వాత ఎన్ని భాగాలు, ఎన్నో భాగం దగ్గర ఆపింది. ఆ తర్వాతి గడి నాకు ఎంతో నచ్చింది: ఎవరు చెప్పారు. ‘కెమిస్ట్రీ మేడమ్’, ‘పిన్ని’, ‘పేపర్లో’ అని రాసి ఉన్నాయి. చూశాక బాగున్నదాని పక్కన టిక్కు, బాగాలేని దాని పక్కన అడ్డగీత. కొన్నాళ్లకు ఎవరి మాట తన రుచికి కుదురుతోందో దానంతటదే తేలిందట. “మేడమ్ చెప్పినవి కళ్లు మూసుకుని చూసేస్తాను మావయ్యా, పిన్ని చెప్పినవి మాత్రం మొదటి భాగం చూసి ఆలోచిస్తాను” అంది నాతో. ఏ సంస్థ లెక్కలూ ఈ గడికి సాటి రావు.

సీజన్ల మధ్య ఎడం ఎక్కువ కాబట్టి ఈ రాత మరీ అవసరం. ‘సేవ్ ద టైగర్స్’ మొదటి సీజన్ 2023 ఏప్రిల్‌లో వచ్చింది, రెండోది 2024 మార్చిలో. పదకొండు నెలల తర్వాత అందులోని ముగ్గురు మొగుళ్లలో ఎవరి గొడవ ఎక్కడ ఆగిందో ఎవరికి గుర్తుంటుంది? సీజన్ పూర్తయిన రోజే రెండు వాక్యాలు రాసి పెట్టుకుంటే రెండో సీజన్‌కు మళ్లీ మొదటి నుంచి చూసే పని తప్పుతుంది. యాప్‌లోనే ‘నా జాబితా’ ఉంది కదా, పుస్తకం ఎందుకు అంటారేమో. ఒక యాప్‌లోని జాబితాకు పక్క యాప్‌లో ఏముందో తెలియదు. పైగా ఓటీటీ సంస్థ అద్దెకు తెచ్చుకున్న సినిమాలు గడువు తీరగానే యాప్‌లోంచి పోతాయి. ఆ సంస్థ సొంతంగా తీయించినవి సాధారణంగా నిలుస్తాయి, బయట కొన్నవి నిలవకపోవచ్చు. నెట్‌ఫ్లిక్స్‌లో అలా పోబోయేదాని దగ్గర చూడటానికి ఆఖరి రోజు ఏదో రాసి ఉంటుంది. పుస్తకంలోని చిట్టాలో ఆ తేదీ కూడా వేసుకుంటే ముందు దాన్ని చూడొచ్చు.

డబ్బు సంగతికి వస్తాను. మా చోడవరం, దేవరాపల్లి వైపు చెరకు వేసే ఇళ్లలో డబ్బు నెలనెలా రాదు. చెరకు బిల్లు పడ్డప్పుడు వస్తుంది, బెల్లం అమ్ముడైనప్పుడు వస్తుంది. ఏడాది చందా ఒకేసారి కట్టమంటే ఆ ఇంటికి భారం. నెలకో మూడు యాప్‌లకు కట్టమన్నా భారమే. చిట్టా చేతిలో ఉంటే దీనికి దారి దొరుకుతుంది. ఒక యాప్‌లో చూడాల్సినవి నాలుగైదు పోగయ్యేదాకా ఆగి, ఒక్క నెలకు కట్టి, అవన్నీ చూసేసి ఆపేయాలి. వచ్చే నెల ఇంకో యాప్. ‘అరేబియా కడలి’ లాంటివి 8 భాగాలూ ఒకేసారి పెడతారు, వచ్చిన నెలలో కట్టినా నష్టం లేదు. వారానికో భాగం వదిలేవైతే ఆఖరి భాగం వచ్చేదాకా ఆగి కడితే ఒకటి రెండు నెలల డబ్బు మిగులుతుంది. ఫోన్లోనే చూసేవాళ్లకు నెట్‌ఫ్లిక్స్ మొబైల్ ప్లాన్ ధరను 2021 డిసెంబరులో 199 నుంచి 149 రూపాయలకు దించింది. తక్కువే కదా అని ఏడాది పొడుగునా చూడకుండా కడుతూ పోతే అదీ 1,800 దాకా అవుతుంది.

ఆపడం మరిచిపోవడం దగ్గరే చాలా ఇళ్లలో డబ్బు పోతోంది. రిజర్వు బ్యాంకు 2021 అక్టోబరు 1 నుంచి అమలు చేసిన నిబంధన ప్రకారం, ఖాతాలోంచి తనంతట తాను ప్రతినెలా కోసుకునే ఇలాంటి చెల్లింపులకు 24 గంటల ముందు మనకు కబురు రావాలి. ఆ మెసేజిని ప్రకటన అనుకుని తీసిపారేయకండి. వద్దనుకుంటే అప్పుడే ఆపే హక్కు మనకు ఉంది. యూపీఐ యాప్‌లో ఆటోపే అని ఒక చోటు ఉంటుంది, తెరిచి చూస్తే ఎవరెవరు నెలనెలా తీసుకుంటున్నారో అన్నీ వరసగా కనిపిస్తాయి. యాప్‌ను ఫోన్లోంచి తీసేసినంత మాత్రాన చందా ఆగదు. దీన్ని మా ఊళ్లో పదేపదే చెప్పాల్సి వస్తోంది కాబట్టి ఇక్కడా చెబుతున్నాను.

పిల్లలున్న ఇళ్లకు ఒక్క మాట. 2021 ఫిబ్రవరిలో కేంద్రం తెచ్చిన నిబంధనల వల్ల ప్రతి సిరీస్ మొదట్లో అది ఏ వయసువాళ్లకో, 7 పైనా, 13 పైనా, 16 పైనా, పెద్దలకా అన్నది చూపించాలి. 13 దాటినవాళ్ల కోసం ఉన్నవాటికి తాళం వేసుకునే వీలు కూడా యాప్ ఇచ్చి తీరాలి. ఆ తాళానికి అంకె పెట్టుకోవడానికి రెండు నిమిషాలు పట్టదు.

డబ్బు కట్టకుండా చూసేవీ ఉన్నాయి. ప్రసార భారతి 2024 నవంబరు 20న గోవా చలనచిత్రోత్సవంలో ‘వేవ్స్’ అనే సొంత ఓటీటీని మొదలుపెట్టింది. దూరదర్శన్ పాత సీరియళ్లు, ప్రత్యక్ష ప్రసార చానళ్లు అందులో ఉన్నాయి. పల్లె ఇళ్లలో పెద్దవాళ్లు అడిగే పాతవి కొన్ని అక్కడ దొరుకుతాయి. ముందు అక్కడ చూసి, లేకపోతే డబ్బు కట్టే చోటికి వెళ్లడం మంచిది.

తెలుగు మీద వ్యాపారం చేస్తున్న ఓటీటీ సంస్థలకు ఒక విన్నపం ఉంది. వెతికే చోట తెలుగు అక్షరాలు పెట్టండి, తెలుగు మాటను మైకులో సరిగ్గా అందుకునేలా చేయండి. నెలకోసారి రాబోయేవాటి జాబితా తెలుగులో, ఒక్క పేజీలో ఇవ్వండి. పోలీసు కథలు, ప్రేమకథలు అని వరసలు కడుతున్నట్టే ఉత్తరాంధ్ర కథలు, రాయలసీమ కథలు, తెలంగాణ కథలు అని కూడా వరసలు కట్టండి. అప్పుడు మా తీరం కథ మా వాళ్ల కంటబడుతుంది.

రేడియో వారికి కూడా ఒక మనవి. పేపరు చదవలేనివాళ్లు, బొమ్మల కింద ఇంగ్లీషు అక్షరాలు పోల్చుకోలేనివాళ్లు, పొలంలో పనిచేసుకుంటూ చెవి మాత్రమే ఖాళీగా ఉన్నవాళ్లు రేడియోకు ఎప్పటినుంచో చుట్టాలే. ఒకనాడు ‘వాణి’ పత్రిక చేసిన పనిని ఇప్పుడు గొంతుతో చేయొచ్చు. శుక్రవారం సాయంత్రం, ఏ యాప్‌లో ఏ కొత్త కథ వచ్చింది, తెలుగులో ఉందా, ఎన్ని భాగాలు, ఏ వయసు పిల్లలు చూడొచ్చు, డబ్బు కట్టాలా అన్నంతవరకు నిదానంగా రెండుసార్లు చదివితే చాలు. అయిదు నిమిషాల పని. మా వీధిలో ఆ అమ్మాయి పుస్తకం, పెన్ను పట్టుకుని కూర్చుంటానని ఇప్పటికే మాట ఇచ్చింది.